టోక్యోలో అనిమే కోసం ఒక్క రోజే ఉంటే: గైడ్ టూర్ తీసుకోవాలా, ఎటు నుంచి ఎటు తిరగాలి

మీరడిగింది ఇదీ: మే రెండో వారంలో గుంటూరు నుంచి ఐదుగురు వస్తున్నారు, మీరు, మీవారు, తొమ్మిదో క్లాసు రాసిన బాబు, పదేళ్ల పాప, మీ మామయ్యగారు. బాబుకి అనిమే (జపాన్ కార్టూన్లు) అంటే ప్రాణం, పాపకి డోరేమాన్, పోకెమాన్. మిగతా రోజులన్నీ ఫూజీ కొండకీ క్యోటో గుళ్లకీ అయిపోయి అనిమేకి ఒక్క రోజే మిగిలింది, ఆ రోజుకి పొద్దున 9 నుంచి సాయంత్రం 5 దాకా అకిహబారా, ఇకెబుకురో, నకానో, షిబుయా, ఒడైబా ఐదూ చూపిస్తామనే గ్రూప్ టూర్ ఒకటి కనిపించింది, బుక్ చెయ్యాలా వద్దా అని.

వద్దండి. గైడ్ వద్దని కాదు, ఆ ఐదు చోట్ల టూర్ వద్దు.

నేను టోక్యో వచ్చి పన్నెండేళ్లయింది, నిషికసాయ్‌లో ఉంటాను, మన ఇండియావాళ్లు ఎక్కువగా ఉండే ఏరియా అది. ఏటా ఎండాకాలం సెలవల్లో మా వైపువాళ్లో మా ఆయన వైపువాళ్లో పిల్లల్ని తీసుకుని వస్తూనే ఉంటారు, వాళ్లందర్నీ తిప్పే పని నాదే కాబట్టి ఈ రోజుని ఎన్ని రకాలుగా చెయ్యొచ్చో అన్ని రకాలుగా చేసి చూశాను. మొదట్లో ఒకసారి నాకూ దారులు సరిగ్గా తెలియక మా తమ్ముడి పిల్లల్ని తీసుకుని ఇలాంటి టూర్‌కే వెళ్లా. పొద్దున తొమ్మిదికి అకిహబారాలో నిలబెట్టారు, చూస్తే షట్టర్లన్నీ దించేసి ఉన్నాయి, ఎందుకంటే అక్కడ షాపులు పదికో పదకొండుకో గానీ తియ్యరు. గైడ్ రోడ్డు మీదే నలభై నిమిషాలు చరిత్ర చెప్పి, ఒక షాపులో తిప్పి, సరిగ్గా మిగతా షట్టర్లు లేస్తున్న టైముకి ట్రైన్ టైమైంది పదండి అన్నాడు. మా తమ్ముడి కొడుకు వెనక్కి చూస్తూ చూస్తూనే స్టేషన్ దాకా నడిచాడు, వాడి మొహం నాకింకా గుర్తుంది. అందుకే ఇంత పొడుగ్గా రాస్తున్నా.

అసలు లెక్క చూడండి. ఒడైబా సముద్రం ఒడ్డున, నకానో ఊరికి పడమర వైపు, ఇకెబుకురో ఉత్తరాన. ఒక్కో మార్పుకి ప్లాట్‌ఫారం వెతుక్కోవడం, ట్రైన్, మళ్లీ బయటికి నడవడం అంతా కలిపి ముప్పై నలభై నిమిషాలు. ఐదు చోట్లంటే నాలుగు మార్పులు, అంటే రెండు, రెండున్నర గంటలు దారిలోనే పోతుంది, భోజనం ఒక గంట, ఇంక ఒక్కో చోట మిగిలేది మహా అయితే గంట. అకిహబారాలో ఒక్క బిల్డింగ్ పది అంతస్తులు సరిగ్గా చూడ్డానికే రెండు గంటలు పడుతుంది. ఈ రకం చోట్లు దూరం నుంచి ఫొటో తీసుకుని వెళ్లిపోయేవి కావు, అద్దాల బీరువాల ముందు వంగి ఒక్కో అర వెతికితే తప్ప ఏమీ కనపడదు. అందుకని నేను చెప్పేది రెండు మూడు చోట్లు, తాపీగా.

ఇక గైడ్ సంగతి. దారి చూపించడానికైతే గైడ్ అక్కర్లేదు, స్టేషన్లలో అన్ని బోర్డులూ ఇంగ్లీషులో ఉంటాయి, ఫోన్‌లో మ్యాప్ ఏ ప్లాట్‌ఫారమో కూడా చెప్పేస్తుంది, సుయికా అనే ట్రైన్ కార్డులు పెద్దవాళ్లకి తలా ఒకటి, పాపకి పిల్లల కార్డు తీసుకుంటే గేటు దగ్గర టప్ మని తాకించి వెళ్లిపోవడమే. గైడ్ ఉపయోగం ఎక్కడంటే షాపు లోపల. బొమ్మ డబ్బా మీద చిన్న చీటీలో జపనీస్‌లో ఏం రాశారో చదివి చెప్పడానికి, మీ బాబు వెతికే బొమ్మ ఏ షాపులో ఏ అంతస్తులో దొరుకుతుందో తెలిసి నేరుగా తీసుకెళ్లడానికి, కౌంటర్ దగ్గర మాట్లాడి లోపల స్టాక్ ఉందేమో అడగడానికి. కాబట్టి రోజంతటికీ కాకుండా పొద్దున పూట ఒక నాలుగు గంటల సేపు, మీ ఐదుగురికే ఉండే ప్రైవేట్ గైడ్‌ని పెట్టుకోండి.

ఇక్కడ ఒక విషయం చాలామందికి తెలియదు. జపాన్‌లో డబ్బు తీసుకుని విదేశీయులకి వాళ్ల భాషలో గైడ్ చెయ్యాలంటే ఒకప్పుడు ప్రభుత్వం పెట్టే పరీక్ష పాసై లైసెన్స్ ఉండాల్సిందే, 2018 జనవరి నుంచి లైసెన్స్ లేనివాళ్లు కూడా చెయ్యొచ్చని చట్టం మార్చారు. లైసెన్స్ ఉన్నవాళ్లకి చరిత్ర, గుళ్లు, భాష బ్రహ్మాండంగా వస్తాయి కానీ అందులో అనిమే తెలిసినవాళ్లు తక్కువ. లైసెన్స్ లేని కుర్రాళ్లలో మీ బాబుతో సమానంగా పిచ్చి ఉన్నవాళ్లు దొరుకుతారు. మీకు కావాల్సింది ఈ రెండో రకం. బుక్ చేసే ముందే బాబు చూసే సిరీస్‌ల పేర్లు, కావాల్సిన బొమ్మల ఫొటోలు మెసేజ్‌లో పంపి ఇవి ఎక్కడ దొరుకుతాయని అడగండి. జవాబు "అకిహబారాలో అన్నీ దొరుకుతాయి" అని వస్తే వదిలెయ్యండి, ఫలానా బొమ్మ కొత్తది దొరకదు పాతది ఫలానా షాపులో చూడాలి అని వస్తే ఆ మనిషిని పట్టుకోండి. గైడ్ ట్రైన్ టికెట్లు, భోజనం మీరే పెట్టుకోవాలా అన్నది కూడా ముందే రాయించుకోండి, చాలామంది విడిగానే తీసుకుంటారు. టిప్ అలవాటు ఇక్కడ లేదు, ఇస్తే ఇబ్బంది పడతారు, మన వైపు నుంచి పూతరేకులో కాజాలో ఒక డబ్బా ఇస్తే మాత్రం నిజంగా సంతోషిస్తారు.

ఇప్పుడు రోజు ఎలా మొదలుపెట్టాలో చెప్తా. షాపులు పదిన్నర దాకా నిండుగా తియ్యరు కాబట్టి తొమ్మిదిన్నరకి అకిహబారాలో కాకుండా దాని ముందు స్టేషన్ ఒచనొమిజులో దిగండి, అక్కడి నుంచి ఐదారు నిమిషాలు నడిస్తే కాండా మ్యోజిన్ అనే గుడి. 730లో పుట్టిన గుడి, ఇప్పుడున్న చోటికి 1616లో వచ్చింది, కాండా, అకిహబారా చుట్టుపక్కల పేటలన్నిటికీ ఇలవేల్పు లాంటి గుడి. ఎలక్ట్రానిక్స్ బజారు పక్కనే ఉండడం వల్ల కంప్యూటర్లు చెడిపోకుండా, డేటా పోకుండా కాపాడమని ఇక్కడ విడిగా రక్షరేకు అమ్ముతారు, దాని మీద సర్క్యూట్ బోర్డు డిజైన్ ఉంటుంది, మీవారు సాఫ్ట్‌వేర్ అన్నారు కదా, ఆఫీసులో ఇవ్వడానికి ఇంతకంటే మంచి బహుమతి ఉండదు.

కానీ పిల్లలు చూడాల్సింది గుడి పక్కన చెక్క పలకలు వేలాడదీసే చోటు. ఎమా అంటారు, అరచేయంత చెక్క పలక, కోరిక రాసి కట్టాలి. మామూలు గుళ్లలో పరీక్ష పాసవ్వాలి, ఆరోగ్యం బాగుండాలి అని రాసి ఉంటాయి. ఇక్కడ మాత్రం సగం పలకల మీద బొమ్మలు, మార్కర్లతో, రంగు పెన్సిళ్లతో అభిమానులు చేత్తో వేసినవి, కొన్ని అయితే అచ్చు స్టూడియోలో గీసినట్టే ఉంటాయి, జుట్టులో వెలుగు మెరుపు కూడా వదలకుండా. ఎందుకంటే 2013లో వచ్చిన లవ్ లైవ్ అనే సిరీస్‌లో స్కూలు పిల్లలు ఈ గుడి మెట్లు పరుగెత్తుకుంటూ ఎక్కి ప్రాక్టీస్ చేస్తారు, అప్పటి నుంచి అభిమానులు రావడం మొదలైంది, గుడివాళ్లు కూడా వద్దనకుండా కలుపుకున్నారు. సిరీస్‌లో చూసిన చోటికి ఇలా వెళ్లడాన్ని సెయిచి జున్రెయ్ అంటారు, తీర్థయాత్ర అనే అర్థం. మనకి కొత్తేం కాదు, కొవ్వూరు దగ్గర కుమారదేవంలో సినిమా చెట్టు కింద ఫొటో దిగడానికి ఎంతమంది వెళ్లేవాళ్లు, 2024 ఆగస్టులో ఆ చెట్టు కూలినప్పుడు ఎంతమంది బాధపడ్డారు, ఇదీ అదే ప్రేమ. పాపకి ఒక పలక కొనిచ్చి డోరేమాన్ బొమ్మ వెయ్యమనండి, కలర్ స్కెచ్‌లు బ్యాగులో పెట్టుకురండి, అక్కడ ఉండే పెన్ను నల్లది ఒక్కటే. తోరీ, అంటే గుడి ముందు ద్వారం, పక్కన 1846 నాటి అమజాకే కొట్టు ఉంది, తెరిచి ఉంటే మామయ్యగారిని కాసేపు అక్కడ కూర్చోబెట్టండి, అన్నం పులియబెట్టి చేసే తియ్యటి పానీయం, ఆ కొట్టువాళ్లు చేసే దాంట్లో ఆల్కహాల్ ఉండదు. మీరొచ్చేది బేసి సంఖ్య సంవత్సరం అయితే మే నడిమధ్యలో ఈ గుడికి పెద్ద జాతర ఉంటుంది, అదే రోజు పడితే రోడ్లు జనంతో నిండిపోతాయి కానీ అదృష్టం అనుకోండి.

గుడికి తూర్పు వైపు నిటారు మెట్లు దిగితే అకిహబారా. మామయ్యగారికి మోకాళ్ల నొప్పులుంటే మెట్లు వద్దు, రోడ్డు మీదుగా చుట్టు తిరిగి రండి.

అకిహబారా గురించి ఒక్క మాట, ఎందుకంటే ఇది తెలిస్తే చూసేది వేరేగా కనిపిస్తుంది. యుద్ధం అయిపోయాక రేడియో విడిభాగాలు అమ్మే చిల్లర కొట్లతో మొదలైన బజారు ఇది, తర్వాత టీవీలు, ఫ్రిజ్‌లు, ఆ తర్వాత కంప్యూటర్లు, కంప్యూటర్ల కోసం వచ్చే కుర్రాళ్లే అనిమేలు, గేములు ఇష్టపడేవాళ్లు కావడంతో తొంభైల చివర్నుంచి షాపులు వాళ్ల వెనకే మారిపోయాయి. పాత హైదరాబాదులో కోఠీ గుజరాతీ గల్లీ చూసినవాళ్లకి ఆ వాసన తెలుస్తుంది. రైలు కట్ట కింద ఇప్పటికీ ట్రాన్సిస్టర్లు, స్విచ్చులు, వైర్లు అమ్మే అడుగున్నర కొట్లు ఉన్నాయి, మీవారికీ మామయ్యగారికీ అవి చూపించండి, మా నాన్న అయితే అక్కడ గంటన్నర కదల్లేదు.

బాబుకి మాత్రం ఎలక్ట్రిక్ టౌన్ గేటు బయటికి రాగానే ఎదురుగా ఉండే రేడియో కైకాన్. పాత బిల్డింగ్ పడగొట్టి 2014లో కొత్తది తెరిచారు, పది అంతస్తులు, పైకి లిఫ్టులో వెళ్లి కిందకి దిగుతూ రండి. అందులో అద్దె గూళ్ల షాపులు చూడండి, గోడ నిండా చిన్న చిన్న అద్దాల గూళ్లు, ఒక్కో గూడు ఒక్కో మామూలు మనిషి నెలకింత అని అద్దెకి తీసుకుని తన దగ్గరున్న బొమ్మలు అమ్ముకుంటాడు. ఒకే బొమ్మ ఈ గూట్లో ఆరు వేల యెన్‌లు, నాలుగు గూళ్ల అవతల నాలుగు వేలు ఉంటుంది, అందుకే మొదట కనపడ్డదే కొనెయ్యొద్దు అని బాబుకి గట్టిగా చెప్పండి.

బొమ్మల్లో రెండు రకాలని తెలియాలి. స్కేల్ ఫిగర్లు అని ఒక రకం, పాత్ర ఎత్తులో ఇన్నో వంతు అని కొలతతో చేసినవి, పదిహేను ఇరవై వేల యెన్‌లు, అంతకు పైన కూడా ఉంటాయి. రెండోది ప్రైజ్ ఫిగర్లు, క్రేన్ గేముల్లో (నాణెం వేసి ఇనప పంజాతో బొమ్మని పట్టే మిషన్లు) బహుమతిగా పెట్టడానికే తయారుచేసేవి, సెకండ్ హ్యాండ్ షాపుల్లో డబ్బా కూడా విప్పనివి వెయ్యి నుంచి రెండు మూడు వేలకి దొరుకుతాయి, ఇప్పటి ప్రైజ్ ఫిగర్లు ఎంత బాగుంటున్నాయంటే మూడడుగుల దూరం నుంచి తేడా పట్టలేరు. తొమ్మిదో క్లాసు పిల్లాడికి అవే సరైనవి, ఒక స్కేల్ బొమ్మ డబ్బుతో ఐదారు వస్తాయి. చీటీ మీద మికైఫూ అంటే డబ్బా విప్పనిది, కైఫూ అంటే విప్పినది, డబ్బా సొట్ట పడితే అది కూడా రాస్తారు, ఇక్కడివాళ్లు లోపం దాచి అమ్మరు, వేలెడంత గీత ఉన్నా చీటీలో ఉంటుంది. డబ్బా నలిగిందని సగం ధరకి పెట్టిన బొమ్మలు మనలాంటి వాళ్లకి వరం. కొన్నాక మాత్రం సూట్‌కేసులో చోటు కోసం డబ్బా పారెయ్యొద్దు, రేపెప్పుడైనా అమ్మాలన్నా ఎవరికైనా ఇవ్వాలన్నా డబ్బాతోనే విలువ. ఖాళీ మడత బ్యాగు ఒకటి ఇంటి నుంచే తెచ్చుకోండి.

క్రేన్ గేముల దగ్గర చాలామంది డబ్బు పోగొట్టుకుంటారు, ఆటకి 100 యెన్‌లు, వేస్తూనే ఉంటారు. ఐదారు సార్లు వేశాక బొమ్మ కదిలి అంచుకి రాకపోతే అక్కడ యూనిఫాంలో ఉన్న పిల్లని పిలవండి, మొహమాటం వద్దు, తాళం తీసి బొమ్మని కాస్త తేలిగ్గా పడేలా జరుపుతారు, ఎలా పట్టాలో చూపిస్తారు కూడా. అది వాళ్ల పనిలో భాగమే. గాచా మిషన్లకి (పిడి తిప్పితే గోళంలో చిన్న బొమ్మ పడేవి) ఒక్కోదానికి 300 నుంచి 500 యెన్‌లు, 100 నాణేలు కావాలి, పక్కనే చిల్లర మిషన్ ఉంటుంది. పాపకి వెయ్యిన్నర యెన్‌లు నాణేలుగా మార్చి చేతికిచ్చి ఇది నీది, నీ ఇష్టం అనండి, ఆ పిడి తిప్పుతుంటే లోపల కర్ కర్ మని పళ్లు కదిలి గోళం కింద పడే చప్పుడు కోసమే పిల్లలు ఆగిపోతారు.

తల్లిగా మీకు ఒక హెచ్చరిక, టూర్ పేజీల్లో ఇది రాయరు. కొన్ని షాపు బిల్డింగుల్లో పై అంతస్తులు పెద్దవాళ్లవి, అలాంటి పుస్తకాలు, బొమ్మలు. మెట్ల దగ్గర 18 అంకె ఉన్న బోర్డు, ఒక్కోసారి ఒక కర్టెన్, అంతే అడ్డు. మ్యాప్ చూసుకుంటూ బాబు ఒక్కడూ పైకి వెళ్లిపోతే ఇబ్బంది పడతాడు. గైడ్‌కి ముందే ఫ్యామిలీ అని చెప్పి ఏ అంతస్తులు వద్దో అడిగి పెట్టుకోండి. అలాగే రోడ్డు మీద మెయిడ్ డ్రెస్సు వేసుకుని కరపత్రాలిచ్చే అమ్మాయిల వెనకాల వెళ్లొద్దు, కొన్ని చోట్ల లోపలికెళ్లాక బిల్లు పెరిగిపోతుంది. మెయిడ్ కేఫ్ (పనిమనిషి వేషంలో అమ్మాయిలు వడ్డించే కేఫ్) చూడాలని ఉంటే పేరున్న పెద్దదానికి వెళ్లండి, తలా ఒక ప్రవేశ రుసుము, దాని పైన ఏదో ఒకటి తప్పక ఆర్డరు, ఒక్కొక్కరికి రెండు మూడు వేల యెన్‌లు అనుకోండి. మెయిడ్‌లని ఫొటో తియ్యకూడదు, కావాలంటే డబ్బు కట్టి వాళ్లతో ఇన్‌స్టంట్ ఫొటో దిగాలి. ఆమ్లెట్ మీద కెచప్‌తో బొమ్మ వేసి మంత్రం లాంటిది మనతో కూడా అనిపిస్తారు, చిన్నపిల్లలు సరదా పడతారు, లోపల అన్నంలో మాత్రం సాధారణంగా చికెన్ ఉంటుంది. నా ఉద్దేశంలో ఒక్క రోజే ఉన్నప్పుడు దీనికి గంట పెట్టడం దండగ.

భోజనం ముందే అనుకోకపోతే ఆ రోజు పాడవుతుంది. మామయ్యగారు శాకాహారి అన్నారు. ఇక్కడ కూరగాయల సూప్, నూడుల్స్ అన్నా అడుగున చేప పొడి రసం ఉంటుంది, వాళ్ల లెక్కలో అది మాంసం కాదు, ముక్క కనపడకపోతే శాకాహారమే అనుకుంటారు. కాబట్టి ప్రయోగాలు వద్దు. అకిహబారా నుంచి యామనొతె లైన్‌లో ఉఎనో వైపు తర్వాతి స్టేషన్ ఒకాచిమాచి, నడిచినా పదిహేను నిమిషాలే, అక్కడ ఆంధ్రా భోజనం పెట్టే హోటలూ, దక్షిణాది శాకాహార హోటలూ ఉన్నాయి. అనిమే రోజున కూడా పప్పూ, సాంబారూ, పెరుగన్నం తిని మామయ్యగారు హాయిగా ఉంటారు. గైడ్‌ని కూడా కూర్చోబెట్టి భోజనం పెట్టి అక్కడే పంపించెయ్యండి, మీ నాలుగు గంటలూ సరిపోతాయి.

మధ్యాహ్నానికి మామయ్యగారు అలిసిపోతారు. మీవారితో ఆయన్ని ఉఎనో పార్కుకి పంపండి, చెట్ల కింద బెంచీలున్నాయి, పక్కనే నేషనల్ మ్యూజియం, సోమవారం అయితే సెలవు. అనిమే షాపుల్లో ఎక్కడా కూర్చోడానికి ఉండదు, ఆ రోజు మీ అందరికీ పదిహేను ఇరవై వేల అడుగులు పడతాయి, ఇష్టం లేని మనిషిని నడిపించడం అందరికీ బాధే.

మీరూ పిల్లలూ ఒక చోటికి వెళ్లండి, ఏ టూర్‌లోనూ ఉండదు, నాకు మాత్రం టోక్యోలో అన్నిటికంటే ఇష్టమైన చోటు. తొకివా-సో అని ఒక పాత చెక్క మేడ. ఉఎనో-ఒకాచిమాచి నుంచి ఓఎదో లైన్ ఎక్కి తోచోమాయెలో మారి ఒచియాయ్-మినామి-నాగసాకిలో దిగాలి, అక్కడి నుంచి కాస్త నడక. 1950ల్లో ఈ మేడలో కుర్ర మాంగా (జపాన్ కామిక్స్) కళాకారులు అద్దెకుండేవాళ్లు. అప్పటికే పేరున్న మాంగా కళాకారుడు తెజుకా ఒసాము 1953లో వచ్చాడు, 1954లో ఖాళీ చేస్తూ తన గదిని, రాసుకునే బల్లతో సహా, బయటి ఊరి నుంచి వచ్చిన ఇద్దరు స్నేహితులకి వదిలి వెళ్లాడు. ఆ ఇద్దరూ ఫుజికొ ఫుజియొ అన్న ఒకే పేరుతో బొమ్మలు వేశారు, వాళ్లలో ఒకాయనే తర్వాత డోరేమాన్ సృష్టించాడు. అసలు మేడ 1982లో పడగొట్టేశారు, 2020లో అచ్చు అలాగే మళ్లీ కట్టి మ్యూజియం చేశారు, మామూలుగా టికెట్ లేదు, ప్రత్యేక ప్రదర్శన ఉంటేనే డబ్బు, సోమవారం సెలవు.

లోపల మెట్లు ఎక్కుతుంటే కిర్రుమంటాయి, ఆ చప్పుడు కూడా పాతదానిలాగే ఉండాలని చేయించారు. పైన నడవాకి రెండు వైపులా నాలుగున్నర చాపల గదులు, అంటే మన ఇళ్లలో చిన్న వంటగదంత. మధ్యలో అందరికీ కలిపి ఒక వంటిల్లు, సింకులో ఎంగిలి గిన్నెలు, నూడుల్స్ బౌల్స్ పేర్చి ఉంటాయి, ఇప్పుడే ఎవరో తిని లేచినట్టు. గదిలో కిటికీ పక్కన బల్ల, సిరా బుడ్డి, కింద చించి పారేసిన కాగితాలు. నేను తీసుకెళ్లిన పిల్లలందర్లోకీ మా అక్క కూతురు ఆ బల్ల ముందు కూర్చుని, ఇంత చిన్న గదిలోంచా అన్నీ వచ్చాయి అని అడిగింది. టీవీలో తెలుగు మాట్లాడే డోరేమాన్‌ని చూసి పెరిగిన పాపకి ఈ గది చూపించకుండా పంపడం నాకైతే మనసొప్పదు.

అక్కడి నుంచి టాక్సీలో పది పదిహేను నిమిషాల్లో నకానో. నకానో బ్రాడ్‌వే 1966లో కట్టిన పాత షాపింగ్ కాంప్లెక్స్, పైన ఫ్లాట్లు, కింద కొట్లు. 1980లో ఒక మాంగా కళాకారుడు ఇక్కడ పాత పుస్తకాల కొట్టు పెట్టాడు, అదే మందరాకే, ఇప్పుడు ఆ బిల్డింగ్‌లోనే రకానికొకటి చొప్పున పదుల కొట్లు. మధ్యాహ్నం 12 నుంచి రాత్రి 8 దాకా, బుధవారం కొన్ని కొట్లు మూస్తారు. కింద నుంచి ఎక్కే ఎస్కలేటర్ రెండో అంతస్తులో ఆగకుండా నేరుగా మూడులోకి తీసుకెళ్తుంది, కంగారు పడొద్దు, కిందకి మెట్లున్నాయి.

బాబుని సెల్‌లు, అంటే పాత అనిమేల అసలు బొమ్మల షీట్లు, అమ్మే కొట్టుకి తీసుకెళ్లండి. కంప్యూటర్లు రాకముందు అనిమేని పారదర్శకమైన షీట్ల మీద వేసేవాళ్లు, ముందు వైపు నల్ల గీతలు, రంగు మాత్రం వెనక వైపు. షీటు తిప్పి చూస్తే తెలుస్తుంది, ముందు నుంచి నున్నగా కనపడే చొక్కా వెనక నుంచి చూస్తే గోడకి సున్నం వేసినట్టు మందంగా, బ్రష్ జాడలతో ఉంటుంది. పై మూలలో ఏ 7, బీ 3 అని నంబరు, ఏ పొరో, ఎన్నో బొమ్మో అని. ఒక్కోదానికి వెనక ఆ ఫ్రేము పెన్సిల్ స్కెచ్ కూడా అతుక్కుని ఉంటుంది. రెండు వేల సంవత్సరం అటూ ఇటూగా అందరూ డిజిటల్‌కి మారిపోయారు, 1969 నుంచి వస్తున్న సజాయె-సాన్ అనే టీవీ సిరీస్ ఒక్కటే 2013 దాకా చేతి సెల్‌లతో నడిచింది. పేరున్న పాత్రల సెల్‌లు మన చేతికి అందవు కానీ పేరు తెలియని సిరీస్‌లవి రెండు మూడు వేల యెన్‌లకి కూడా పెట్టెలో దొరుకుతాయి, టీవీలో కనపడిన అసలు బొమ్మ అది, ప్రింటు కాదు. ముక్కుకి వెనిగర్ వాసన కొడితే మాత్రం షీటు పాడవుతోందని, కొనొద్దు. ఇంటికెళ్లాక ఎండ తగిలే గోడకి పెట్టొద్దు, రంగు పోతుంది.

ఇక్కడ కొట్టువాళ్లతో మాట్లాడండి, ఫోన్‌లో ట్రాన్స్‌లేటర్ చాలు. తెలుగువాళ్లమని చెప్తే ఒకాయన 2022లో ఇక్కడ రిలీజైన ఆర్ఆర్ఆర్ తను మూడుసార్లు చూశానని, తన కౌంటర్ వెనక దాచుకున్న సినిమా కరపత్రం తీసి చూపించాడు. షాపుల లోపల ఫొటోలకి ముందు అడగాలి, చాలాచోట్ల వద్దంటారు. పాప అప్పటికి విసుగొచ్చి ఉంటే బేస్‌మెంట్‌లో ఎనిమిది రుచులు ఒకదాని మీద ఒకటి నిలబెట్టిచ్చే ఐస్‌క్రీమ్ ఉంది, ముగ్గురికి ఒకటి చాలు.

ఓపిక మిగిలితే నకానో నుంచి షింజుకు ఐదు నిమిషాలు, అక్కడ మారి షిబుయా ఏడు నిమిషాలు, పార్కో మాల్ ఆరో అంతస్తులో పోకెమాన్ సెంటర్, నింటెండో షాపు పక్కపక్కనే ఉంటాయి, రాత్రి 9 దాకా. పోకెమాన్ సెంటర్ గుమ్మంలో గాజు గొట్టంలో నిద్రపోతున్న మ్యూటూ అనే పోకెమాన్ నిలువెత్తు బొమ్మ ఉంటుంది, పాపకి అదొక్కటి చాలు. మీవారినీ మామయ్యగారినీ అక్కడికే రమ్మనొచ్చు.

వదిలేసినవాటి గురించి. ఒడైబాలో 19.7 మీటర్ల యూనికార్న్ గండమ్ అనే అనిమే రోబో బొమ్మని 2017 సెప్టెంబర్‌లో నిలబెట్టారు, దానికి ముందున్న గండమ్‌ని అదే ఏడు తీసేశారు, ఇలాంటివి శాశ్వతం కావు కాబట్టి వెళ్లాలనుకుంటే ఇప్పుడు ఉందో లేదో అధికారిక పేజీలో చూసుకోండి. ఇకెబుకురోలో అనిమేట్ అనే పెద్ద షాపు ఉంది కానీ మీ పిల్లల ఇష్టాలకి నకానో మెరుగు. జిబ్లీ అనే అనిమే స్టూడియో మ్యూజియం మిటాకాలో ఉంది, అది ఈ రోజులో అస్సలు దూర్చొద్దు. ముందే కొనాల్సిన టికెట్, ప్రతి నెలా 10వ తారీకున జపాన్ టైము పొద్దున పదింటికి తర్వాతి నెలవి అమ్ముతారు, మన టైములో ఆరున్నర, కాబట్టి మీకు కావాలంటే ఏప్రిల్ 10న ఆరుంబావుకే కంప్యూటర్ ముందు కూర్చోవాలి. దొరికితే క్యోటో నుంచి ఒక పూట ముందు వచ్చైనా వెళ్లండి.

డబ్బు విషయం ఒకటి. ఒకే షాపులో ఒకే రోజు పన్ను కాకుండా 5,000 యెన్‌లు దాటితే 10 శాతం పన్ను మనకి ఉండదు, అసలు పాస్‌పోర్టు చేతిలో ఉండాలి, ఫొటో చెల్లదు. 2026 నవంబర్ 1 నుంచి పద్ధతి మారుతోంది, షాపులో పన్నుతో సహా కట్టేసి ఎయిర్‌పోర్టులో వెనక్కి తీసుకోవాలి, మీరొచ్చే ఏడాదిని బట్టి చూసుకోండి. ఇనుప కత్తుల నమూనాలు బాబు అడుగుతాడు, నురుగు ప్లాస్టిక్‌వి కొనివ్వండి, అవి కూడా చెకిన్ బ్యాగులోనే.

ఇంకొకటి, బాబుతో ఇప్పుడే చేయించాల్సిన పని. మనం పిలిచే పేర్లు ఇక్కడ అర్థం కావు. డీమన్ స్లేయర్ అంటే కొట్టాయన తల గోక్కుంటాడు, కిమెత్సు నో యైబా అనాలి. అటాక్ ఆన్ టైటన్ అంటే షింగెకి నో క్యోజిన్. జుజుత్సు కైసెన్, వన్ పీస్ అలాగే చెల్లుతాయి. బాబుకి కావాల్సినవి ఒక పది రాసి పంపమనండి, జపనీస్‌లో ఎలా అనాలో, ఏది ఏ చోట వెతకాలో నేను పక్కన రాసిస్తాను.